రెండు నిమిషాల ప్రపంచ చాంపియన్: మార్సెలో ట్రోబియానీ

#1 వాల్తేరు వింగర్
నిన్న రాత్రి 1986 ప్రపంచ కప్ ఫైనల్ టీమ్ షీటు మళ్లీ చూస్తూ కూర్చున్నాను. అస్తెకా స్టేడియం, జూన్ 29, అర్జెంటీనా 3, పశ్చిమ జర్మనీ 2. అందులో ఎప్పుడూ పట్టించుకోని ఒక గీత ఈసారి కళ్లకి తగిలింది. అర్జెంటీనా ఆ రోజు మొత్తం ఆటలో వాడుకున్న సబ్‌స్టిట్యూట్ ఒక్కడే. 21వ నంబరు, మార్సెలో ట్రోబియానీ. చివరి రెండు నిమిషాలకి బుర్రుచాగా స్థానంలో దిగాడు. అంతకు ముందు ఆ టోర్నీలో ఆడలేదు, ఆ తర్వాత ఏ ప్రపంచ కప్‌లోనూ ఆడలేదు. ఆయన ప్రపంచ కప్ జీవితం మొత్తం ఆ రెండు నిమిషాలే.

క్విజ్‌లు రాసేవాళ్లకి ఆయన అంతవరకే కావాలి. నాకు మాత్రం ఆ రెండు నిమిషాలకి ముందూ వెనకా ఏముందో చూడాలనిపించింది. చూస్తే ఇరవై ఏళ్ల ఆట. బోకా జూనియర్స్, స్పెయిన్‌లో ఎల్చే, సరగోసా, మళ్లీ బోకా, ఎస్తుదియాంతెస్, కొలంబియాలో మిల్యోనారియోస్, మళ్లీ ఎల్చే, చిలీలో కోబ్రెలోవా, ఈక్వడార్‌లో బార్సెలోనా, చివర్లో కోర్డోబా నగరంలో తాల్యెరెస్. ఐదు దేశాలు. మిడ్‌ఫీల్డర్. వెళ్లిన చోటల్లా నడుమ నిలబడి బంతి అడిగి తీసుకున్న మనిషి.

మనవాళ్లలో ఈయన ఆట గుర్తున్నవాళ్లు ఎవరైనా ఉన్నారా? మరడోనా గురించి మన ఫోరమ్‌లో నలభై దారాలున్నాయి. ఈయనకి ఒక్కటైనా ఉండాలని మొదలుపెడుతున్నాను.

#2 గుంటూరు గోలీ
అన్నా, అది టైము తినెయ్యడానికి చేసిన మార్పు. లోపలున్నవాడు మెల్లగా నడుచుకుంటూ బయటికొస్తాడు, బయటున్నవాడు లోపలికెళ్తాడు, ఈలోగా అవతలివాళ్లకి గుండె దడ. పేరు ట్రోబియానీ అయినా ఇంకెవరైనా ఒకటే కదా?

#3 రైల్వే గ్రౌండ్
ఒకటే కాదు తమ్ముడూ. అప్పట్లో ఒక మ్యాచ్‌లో ఇద్దర్ని మాత్రమే మార్చనిచ్చేవాళ్లు. ఇప్పటిలాగా ఐదుగురు కాదు. ఆ ఇద్దరిలో ఒకర్ని ఫైనల్ చివర్లో, 3–2 దగ్గర దించాలంటే కోచ్ చెయ్యి వణుకుతుంది. అంతకు కాసేపటి క్రితం ఏమైందో గుర్తు తెచ్చుకో. 2–0 ఆధిక్యంలో ఉన్న జట్టు రెండు కార్నర్ల మీద రెండు గోల్స్ ఇచ్చేసింది. మొదట రుమెనిగె, తర్వాత ఫోలర్. చేతికందిన కప్పు జారిపోతోంది. అప్పుడు మరడోనా పాస్, బుర్రుచాగా పరుగు, మూడో గోల్. ఇక మిగిలిన నిమిషాల్లో కావలసింది ఒక్కటే, కాలి కింద బంతి ఉంటే కంగారు పడని మనిషి.

జట్టులో బోచినీ ఉన్నాడు, తపియా ఉన్నాడు, బోర్గీ ఉన్నాడు. అందరూ బంతితో గొప్పవాళ్లే. కోచ్ బిలార్దో పిలిచింది 31 ఏళ్ల ట్రోబియానీని. ఊరికే పిలవలేదని నా నమ్మకం. కారణం ఎస్తుదియాంతెస్‌లో ఉంది. వింగర్ బాబూ, ఆ భాగం నువ్వు రాయి, నేను తర్వాత వస్తాను. ఫైనల్ రాత్రి సంగతి నాది వేరే ఉంది, అదీ చెప్తాను.

#4 వాల్తేరు వింగర్
రాస్తాను మాస్టారూ. నాకు అన్నిటికంటే ఇష్టమైన భాగమే అది.

బిలార్దో అనగానే మనకి గుర్తొచ్చేది కఠినమైన ఆట, కాళ్లకి అడ్డం పడటం, ఎలాగైనా గెలవడం. ఆయన ఆటగాడిగా ఉన్న 1960ల నాటి ఎస్తుదియాంతెస్ జట్టుకి ఆ పేరు నిజంగానే ఉంది. చదివింది వైద్యం. కోచ్ అయ్యాక కూడా ప్రతి చిన్న విషయాన్నీ రోగి చార్టులాగా చూసేవాడు. కానీ 1982లో లా ప్లాతా నగరంలో అదే క్లబ్బుకి కోచ్‌గా ఆయన నిలబెట్టిన మధ్యవరుస చూడండి. మిగెల్ ఆంఖెల్ రుస్సో, హోసె దనియెల్ పోన్సె, అలెహాండ్రో సబేయా, మార్సెలో ట్రోబియానీ. ఈ నలుగురిలో అడ్డుకోవడం ప్రధానంగా పెట్టుకున్నవాడు రుస్సో ఒక్కడే. మిగిలిన ముగ్గురూ బంతితో ఆలోచించేవాళ్లు. ఒక జట్టులో ముగ్గురు 10వ నంబరు ఆటగాళ్లని ఒకేసారి దించడానికి ఈ రోజు కూడా కోచ్‌లు భయపడతారు. ఈయన దించాడు, 1982 మెత్రోపోలితానో టైటిల్ కొట్టాడు (అప్పట్లో అర్జెంటీనా లీగ్‌లో మెత్రోపోలితానో, నాసియొనాల్ అని రెండు టైటిళ్లు). ఆ తర్వాత బిలార్దోకి జాతీయ జట్టు బాధ్యత వచ్చింది. ఎదువార్దో లుహాన్ మనేరా కోచ్‌గా అదే జట్టు 1983 నాసియొనాల్ కూడా గెలిచింది, ఫైనల్లో ఇండిపెండియెంటె మీద.

ముగ్గురు కళాకారులు ఒక చోట ఉంటే ఒకరి పాట ఇంకొకరికి అడ్డం వస్తుంది. అక్కడ రాలేదు. సబేయా నెమ్మది, బంతిని దాచుకుని తిరిగే ఎడమ కాలు. పోన్సె దూరం నుంచి కొట్టేవాడు. ట్రోబియానీ పని ఈ ఇద్దరి మధ్యా దారం లాంటిది, తీసుకోవడం, ఇవ్వడం, మళ్లీ తీసుకోవడం. దారం కనిపిస్తే కుట్టు బాగాలేనట్టే కదా.

ఆ నలుగురిలో 1986లో మెక్సికో వెళ్లింది ట్రోబియానీ ఒక్కడే. రుస్సో, పోన్సె, సబేయా ముగ్గురూ ఇంట్లో కూర్చుని చూశారు. క్వాలిఫయింగ్ దాకా తనతో ఉన్న రుస్సోని కూడా బిలార్దో పక్కన పెట్టాడు. అలాంటి కోచ్, అలాంటి రోజున, ఈయన్ని పిలిచాడు.

#5 కడప సెంటర్
శానా బాగా రాసినావు వింగర్ అన్నా. కానీ ఆయన్ను మరీ సాధువును చేయొద్దండి. 1983 జూలైలో దక్షిణ అమెరికా క్లబ్బుల కప్పు కోపా లిబెర్తదోరెస్‌లో ఎస్తుదియాంతెస్, బ్రెజిల్ క్లబ్బు గ్రేమియో మధ్య లా ప్లాతాలో జరిగిన మ్యాచ్ ఉంది కదా, నలుగురికి రెడ్ కార్డులు పడిన మ్యాచ్. ఆ నలుగురిలో ట్రోబియానీ, పోన్సె ఇద్దరూ ఉండారు. దారం అన్నావు, ఆ పొద్దు దారం తెగింది. మిగిలిన ఏడుగురే 1–3 నుంచి 3–3 చేసినారు. ఆ గొప్పతనం మిగిలిన ఏడుగురిది. ఈయనది గాదు.

#6 వాల్తేరు వింగర్
ఒప్పుకుంటున్నాను కడప అన్నా. ఆ రాత్రి ఆయన జట్టుని నడుమలో వదిలేసినట్టే. ఏడుగురితో 3–3 చేసిన కథని లా ప్లాతా జనం ఇప్పటికీ పండగలా చెప్పుకుంటారు. అందులో ఆయన పేరు వచ్చేది బయటికి వెళ్లిన వాళ్ల జాబితాలోనే.

#7 గుంటూరు గోలీ
నా అభ్యంతరం ఇంకోటి. పది మజిలీలు, ఐదు దేశాలు. ఇంత తిరిగినవాడికి ఏ ఊరు సొంతం? ఇండిపెండియెంటెలో బోచినీని చూడండి. 1972 నుంచి 1991 దాకా ఒకే జెర్సీ. ఇంకో క్లబ్బు గడప తొక్కలేదు. అవెయనేదాలో ఆ స్టేడియం పక్క వీధికి కూడా ఆయన పేరు పెట్టారు. రుస్సో కూడా అంతే, ఆడినన్నాళ్లూ ఎస్తుదియాంతెస్. అభిమాని అనేవాడు అలాంటివాడినే గుండెల్లో పెట్టుకుంటాడు. ఏ ఎండకి ఆ గొడుగు పట్టేవాడిని ఎవరు పెట్టుకుంటారు?

#8 పాలమూరు పోరగాడు
గుంటూరన్నా, గా మాట నాకు మంచిగ అనిపించలే.

మా నాయిన తాపీ మేస్త్రి. మా ఊర్ల పని లేక గుంపు మేస్త్రి ఎంబడి ఎల్లిండు. నాగార్జున సాగర్ కాడ రాళ్లు మోసిన తరం మా తాతది, బంగ్లాలు కట్టిన తరం మా నాయినది. పూనా, సూరత్, బొంబాయి. యాడ పని ఉంటె ఆడ. పాలమూరు లేబర్ అంటె దేశమంత తెలుసు, పాలమూరు యాడున్నదో ఎవ్వరికి తెల్వదు. మా నాయినకు సొంతూరు మీద పావురం లేకనా ఎల్లింది? కట్టిన ఇంట్ల ఒక్క రాత్రి పండలే, అట్లని గోడ వంకర పెట్టిండా?

1970ల నడుమల అర్జెంటీనా ఎట్లున్నదో సూడున్రి. 1975ల మన రూపాయి అసొంటి వాళ్ల పెసో కూలిపోయింది, ధరలు ఆకాశం అంటినయ్. 1976 మార్చిల మిలిటరీ గద్దెనెక్కింది. ఆడి క్లబ్బులు సభ్యుల సొసైటీలు, షేర్లు అమ్ముకునే కంపెనీలు గావు. అప్పు తీర్చాలంటె ఆటగాన్ని అమ్ముడే తొవ్వ. స్పెయిన్ల 1973 నుంచి విదేశీ ఆటగాళ్లకు మళ్ల తలుపు తెరిసిన్రు, క్లబ్బుకు ఇద్దరు చొప్పున. 1976ల కెంపెస్ వాలెన్సియాకు పోయిండు, గదే ఏడు ట్రోబియానీ ఎల్చేకు పోయిండు. అప్పటికి ఆయనకు 21 ఏండ్లు. 21 ఏండ్ల పిలగాడు సముద్రం దాటిండంటె గొడుగు మార్సిండని అంటరా?

#9 ఆస్టిన్ అరుగు
పాలమూరు తమ్ముడి పోస్టు రెండుసార్లు చదివాను. దానికి ఒక్క మాట కలుపుతాను, నేను భాషలు చెప్పుకుని బతికేవాణ్ణి కాబట్టి.

ఇలాంటి ఆటగాళ్లని ఇంగ్లీషులో జర్నీమన్ అంటారు. అందరూ జర్నీ అంటే ప్రయాణం కనుక తిరుగుబోతు ఆటగాడు అనుకుంటారు. అసలు ఆ మాట ఫ్రెంచిలో రోజుకి ఉన్న మాట నుంచి పుట్టింది. గురువు దగ్గర పని పూర్తిగా నేర్చుకుని, ఇంకా సొంత దుకాణం పెట్టుకోక, రోజు కూలికి పనిచేసే పనివాడు జర్నీమన్. అంటే పని వచ్చినవాడు. నేర్చుకునేవాడు కాదు, యజమానీ కాదు, పని వచ్చినవాడు. మన తాపీ మేస్త్రి అచ్చంగా ఆ మాటకి సరిపోతాడు.

#10 పాలమూరు పోరగాడు
గురువుగారు, గిది నాకు తెల్వదు. మా నాయినకు చెప్త.

#11 గుంటూరు గోలీ
పోరగాడు తమ్ముడూ, మీ నాన్నగారిని అనాలని కాదు, మనసు నొప్పిస్తే క్షమించు. గొడుగు మాట వెనక్కి తీసుకుంటున్నాను. కానీ బోచినీ మాట మీద నిలబడతాను. ఒక ఊరికి ఇరవై ఏళ్లు ఇచ్చినవాడూ, పది చోట్లకి రెండేసేళ్లు ఇచ్చినవాడూ ఒకటి కాదు.

#12 వాల్తేరు వింగర్
ఒకటి కాదు, నిజమే. అయితే ఒక తమాషా ఉంది చూడండి. జూన్ 25న సెమీఫైనల్, బెల్జియం మీద 2–0, రెండూ మరడోనావే. ఆ మ్యాచ్ చివరి ఐదు నిమిషాలకి బుర్రుచాగాని తీసేసి బిలార్దో ఎవర్ని దించాడు? బోచినీని. ఆయన ప్రపంచ కప్ జీవితం కూడా అంతే, ఆ ఐదు నిమిషాలే. నాలుగు రోజుల తర్వాత ఫైనల్, అదే స్టేడియం, అదే బుర్రుచాగా బయటికి, ఈసారి ట్రోబియానీ లోపలికి. ఒకే క్లబ్బుకి జీవితం ఇచ్చినవాడికి ఐదు నిమిషాలు, పది మజిలీలు చూసినవాడికి రెండు. ఇద్దరూ దిగింది ఒకే మనిషి ఖాళీ చేసిన చోటులోకి. బుర్రుచాగా, బోచినీ ఇద్దరూ అంతకు ముందు ఇండిపెండియెంటెలో కలిసి ఆడినవాళ్లే అన్నది గుర్తుంచుకోండి, 1983 నాసియొనాల్ ఫైనల్లో ట్రోబియానీ జట్టు ఓడించింది ఆ క్లబ్బునే.

#13 కడప సెంటర్
పతకాల సంగతి తెలుసునా మీకు? 1974 దాకా ఫైనల్ ముగిసేటప్పుడు మైదానంలో ఉన్న 11 మందికే విజేత పతకం ఇచ్చేవాళ్లు. మిగిలిన జట్టుకు లేదు. 1978 నుంచి అందరికీ ఇస్తాండారు. పాత వాళ్లకు 2007లో ఫిఫా నిర్ణయం తీసుకొని తర్వాత ఇచ్చింది.

ఇప్పుడు ఆ పాత నియమమే 1986లో ఉండుంటే ఏమయ్యేదో ఆలోచన చేయండి. ఆఖరు విజిల్‌కి మైదానంలో ఉన్నది ట్రోబియానీ. ఆయనకు పతకం వచ్చేది. కప్పు గెలిపించిన గోల్ కొట్టిన బుర్రుచాగా ఉత్త చేతులతో ఇంటికి పోయేవాడు! ఇది తెలిసినప్పుడు నేను శానాసేపు అట్లే కూర్చుండిపోతి.

#14 రైల్వే గ్రౌండ్
కడప అబ్బాయీ, యాభై ఏళ్లుగా ఫుట్‌బాల్ చూస్తున్నాను, ఈ కోణం నాకు తట్టలేదు.

#15 వాలెన్సియా వేపచెట్టు
నేను ఎక్కువగా చదివి వెళ్లిపోయేవాణ్ణి, ఎల్చే పేరు చూసి ఆగాను. ఉద్యోగం మీద వచ్చి ఆరేళ్లుగా ఇటువైపే ఉంటున్నాం. ఎల్చే మాకు కారులో రెండు గంటల లోపే.

ఊళ్లోకి వెళ్తే మొదట కనిపించేది ఖర్జూర చెట్లు. ఒకటీ రెండూ కాదు, ఊరి నడుమ వేల చెట్ల తోట. అరబ్బుల కాలంలో నాటి కాలవలు తవ్వి పెంచింది, 2000లో యునెస్కో వారసత్వ జాబితాలో చేరింది. మా అమ్మ చూసి కోనసీమ కొబ్బరి తోటలో మట్టల ఎత్తు తగ్గినట్టుంది అంది. రెండోది చెప్పులు, బూట్లు. ఊరంతా పాదరక్షల పరిశ్రమే. ఫుట్‌బాల్ క్లబ్బు జెర్సీ తెలుపు మీద నడుముకి అడ్డంగా పచ్చ పట్టీ. స్టేడియం మార్తినెస్ వలెరో, 1976 సెప్టెంబరులో తెరిచారు, అంటే సరిగ్గా ట్రోబియానీ వచ్చిన ఏడాది. కొత్త స్టేడియం, కొత్త కుర్రాడు. 1982 ప్రపంచ కప్‌లో హంగరీ ఎల్ సాల్వడార్ మీద 10–1 కొట్టింది కూడా ఇక్కడే.

వచ్చిన రెండేళ్లకి, 1978లో, జట్టు కింది డివిజన్‌కి పడిపోయింది. ఆయన వెళ్లిపోలేదు, 1980 దాకా ఇక్కడే ఆడాడు. గుంటూరు అన్న దీన్ని లెక్కలో వేసుకోవాలి.

ఇంకా పెద్ద సంగతి 1986ది. మెక్సికో వెళ్లే నాటికి జట్టు జాబితాలో ఆయన పేరు పక్కన రాసిన క్లబ్బు ఎల్చే. అంతకు ముందు ఏడాదే, 1985లో, ఎల్చే మళ్లీ కింది డివిజన్‌కి పడింది. అంటే జూన్ 29న లక్షా పద్నాలుగు వేల మంది ముందు ప్రపంచ చాంపియన్, ఆగస్టు దాటగానే స్పెయిన్ రెండో డివిజన్‌లో మామూలు ఆదివారం మ్యాచ్. మరడోనా నాపోలికి వెళ్లాడు, బుర్రుచాగా నాంత్‌కి, వల్దానో రియల్ మాడ్రిడ్‌కి. ఈయన ఖర్జూర చెట్ల ఊరికి వచ్చి 1986–87 సీజన్‌లో ఆడాడు. కిందటేడు స్టేడియంలో నా పక్క సీటులో కూర్చున్న పెద్దాయనకి ఈ పేరు చెప్పాను. ఆయన మొహం విప్పారిపోయింది. ప్రపంచ కప్ ఊసే ఎత్తలేదు. ఇక్కడ ఆడిన మ్యాచ్‌లే చెప్పాడు, హాఫ్ టైము అయిపోయి ఆట మళ్లీ మొదలైనా ఆపలేదు.

#16 గుంటూరు గోలీ
వేసుకున్నాను వేపచెట్టు గారూ.

#17 ఆస్టిన్ అరుగు
ఇదే అడగాలనుకున్నాను. ఆయన తర్వాతి మజిలీల మీద ఎవరైనా రాస్తారా? స్పెయిన్ తర్వాత అంతా దిగుడుమెట్లే అన్నట్టు చాలా చోట్ల ఒక్క వాక్యంలో తేల్చేస్తారు.

#18 వాల్తేరు వింగర్
దిగుడుమెట్లు కాదు. నా దృష్టిలో ఆయన ఆట నిజంగా పండింది ఆ వయసులోనే. పూర్తిగా చెప్పాలంటే కొంచెం వెనక నుంచి రావాలి.

1980లో ఎల్చే నుంచి సరగోసా. 1981లో తిరిగి బోకా. ఆ ఏడాదే మరడోనా అర్జెంటీనోస్ జూనియర్స్ నుంచి బోకాకి వచ్చాడు, సిల్వియో మార్సొలీనీ కోచ్, మిగెల్ ఆంఖెల్ బ్రిందిసి ముందు వరుస వెనక. 1981 మెత్రోపోలితానో టైటిల్ గెలిచిన ఆ జట్టులో ట్రోబియానీ ఉన్నాడు. అంటే మెక్సికోకి ఐదేళ్ల ముందే మరడోనాకి ఈయన ఆట తెలుసు. తర్వాత లా ప్లాతా, ఆ కథ పైన చెప్పాను.

1985 ప్రాంతంలో బొగోటా, మిల్యోనారియోస్. సముద్ర మట్టానికి 2,600 మీటర్ల ఎత్తు. అక్కడ పరుగెత్తి ఆడేవాడికి పది నిమిషాల్లో ఊపిరి అందదు, బంతిని పరుగెత్తించేవాడు బతుకుతాడు. ఆ కాలంలో కొలంబియా క్లబ్బుల్లోకి మాదకద్రవ్యాల డబ్బు ప్రవహించిందన్నది జగమెరిగిన సంగతి. దక్షిణ అమెరికా అంతటి నుంచి ఆటగాళ్లని పిలిపించగలిగింది ఆ డబ్బే. ఇది చెప్పకుండా దాటేస్తే మనం ఆ కథని సగమే చెప్పినట్టు.

ఎల్చే రెండో విడత తర్వాత చిలీ ఉత్తరాన కలామా. అటకామా ఎడారి, మళ్లీ రెండు వేల మీటర్లు దాటిన ఎత్తు, పక్కనే చుకికమాటా రాగి గని. క్లబ్బు పేరు కోబ్రెలోవా. స్పానిష్‌లో రాగిని కోబ్రె అంటారు, ఆ ఊరి నదిది లోవా. రెండూ కలిపి పెట్టుకున్నారు. రాగి రంగుకి దగ్గరగా నారింజ జెర్సీ. 1977లో పుట్టిన క్లబ్బు, ఆరేళ్లు తిరక్కుండానే 1981, 1982 వరుసగా రెండు లిబెర్తదోరెస్ ఫైనల్స్ ఆడింది. ఒకటి ఫ్లమెంగోకి, ఒకటి పెన్యరోల్‌కి పోయింది. 1988లో ఆ క్లబ్బు చిలీ చాంపియన్ అయినప్పుడు ట్రోబియానీ అందులో ఉన్నాడు, 33 ఏళ్ల వయసులో. మన సింగరేణి ఊళ్లలో ఆదివారం పూట షిఫ్టు దిగి గ్రౌండుకి వచ్చే జనాన్ని చూసినవాళ్లకి కలామా స్టేడియం ఎలా ఉంటుందో వేరే చెప్పనక్కర్లేదు.

అక్కడ నుంచి గ్వాయాకిల్. ఇప్పుడు పూర్తిగా ఉల్టా. సముద్ర మట్టం, ఉక్క, చెమట. క్లబ్బు బార్సెలోనా, ఈక్వడార్‌లో ఎక్కువమంది అభిమానించే జట్టు. 1990 లిబెర్తదోరెస్‌లో సెమీఫైనల్లో రివర్ ప్లేట్‌ని పెనాల్టీల మీద దాటి ఫైనల్ చేరింది. ఈక్వడార్ క్లబ్బు ఏదీ అంతకు ముందు ఆ గడప తొక్కలేదు. ఫైనల్ మొదటి మ్యాచ్ అసున్సియోన్‌లో, ఒలింపియా 2–0. వారం తర్వాత అక్టోబరు 10న గ్వాయాకిల్‌లో రెండోది. రెండో సగంలో, గంట ఆట దాటాక, గోల్ పడింది. కొట్టింది మార్సెలో ట్రోబియానీ. ముప్పై ఐదేళ్ల మిడ్‌ఫీల్డర్, బోకా పిల్లవాడు, ఆ రాత్రి ఒక పరాయి దేశానికి మొత్తంగా ఆశ పుట్టించాడు. ఇంకొక్క గోల్ వస్తే సమానం. రాలేదు. చివరి పది నిమిషాల్లో అమరియా సమం చేశాడు, 1–1, కప్పు పరాగ్వేకి వెళ్లింది.

క్విజ్ పుస్తకం అడిగితే నేను రెండు నిమిషాలు చెప్పను. అక్టోబరు 10 చెప్తాను.

#19 పాలమూరు పోరగాడు
ఏమన్న రాసినవా అన్నా! నేను ఫైనల్ ఓడిన సంగతి ముందే సూసి గుడ, నువ్వు రాసింది సదువుతుంటె గెలుస్తరేమో అనుకున్న.

#20 కడప సెంటర్
మన వైపు కూడా ఇట్లా పోయినవాళ్లు ఉండారు. సికింద్రాబాద్ అమ్ముగూడలో పుట్టిన తులసీదాస్ బలరామ్ 1957లో కలకత్తా ఈస్ట్ బెంగాల్‌కు పోయినాడు. 1960 రోమ్ ఒలింపిక్స్‌లో హంగరీ మీద, పెరూ మీద గోల్స్ కొట్టినాడు. హైదరాబాద్ నుంచి కలకత్తాకు అప్పట్లో వరుస కట్టి పోయినారు ఆటగాళ్లు. వాళ్లెవరినీ మనం ఊరు మార్చినారని తప్పు పట్టలేదు, గర్వంగానే చెప్పుకుంటాం.

#21 ఆస్టిన్ అరుగు
ట్రోబియానీ పుట్టింది శాంటాఫే రాష్ట్రంలో కసీల్దా, 1955 ఫిబ్రవరి 17. రొసారియోకి పడమటి వైపు పొలాల నడుమ ఊరు. కోచ్ హోర్హె సాంపావొలీదీ ఆ ఊరే. 2022లో ఖతార్‌లో గెలిచిన జట్టులో ముగ్గురు గోల్‌కీపర్లలో ఒకడైన ఫ్రాంకో అర్మానీ కూడా అక్కడే పుట్టాడు, అదీ 1986లో. అర్మానీ ఖతార్‌లో ఒక్క నిమిషం కూడా ఆడలేదు. ఆయన నడక కూడా ఇలాంటిదే, కింది డివిజన్‌లో దెపోర్తివో మెర్లో, తర్వాత కొలంబియాలో అత్లెతికో నాసియొనాల్, అక్కడ 2016 లిబెర్తదోరెస్, ఆ తర్వాత రివర్ ప్లేట్. అర్జెంటీనా గెలిచిన మూడు ప్రపంచ కప్‌లలో రెండింటి జట్ల నుంచి ఒకే ఊరి మనుషులు ఇద్దరు. నిమిషాలు కూడితే రెండు. క్లబ్బుల్లో ఆడిన ఏళ్లు కూడితే ముప్పై దాటుతాయి.

#22 గుంటూరు గోలీ
నిన్నటి నుంచి ఆలోచిస్తున్నాను. బోచినీ నాకు ఇంకా పైనే ఉన్నాడు. ఆ మాట మార్చుకోను. కానీ అప్పుడు పేరు ఏదైనా ఒకటే కదా అన్నాను చూడండి, అది తప్పు. ఆ పోస్టు తీసెయ్యను, అలాగే ఉండనిస్తాను.

#23 రైల్వే గ్రౌండ్
ఫైనల్ రాత్రి సంగతి బాకీ ఉన్నాను కదా.

అప్పుడు నాకు ఇరవై ఆరేళ్లు. రైల్వే క్వార్టర్లలో మా వరుసకంతా ఒకే టీవీ, బ్లాక్ అండ్ వైట్, మా సూపర్‌వైజర్ గారింట్లో. మన గడియారంలో ఆదివారం రాత్రి పదకొండున్నరకి ఆట మొదలు. దూరదర్శన్ వాళ్లు ఆ టోర్నీ మ్యాచ్‌లు అర్ధరాత్రి పూట చూపించడం మా పాలిట వరం. రెండేళ్ల ముందు, 1984 జనవరిలో, ఇదే బిలార్దో జట్టు నెహ్రూ కప్‌కి కలకత్తా వచ్చి మన జట్టు మీద 1–0తో, గరేకా గోల్‌తో గట్టెక్కింది. అందుకని మాకు వాళ్లు చుట్టాల్లా అనిపించేవాళ్లు. వరండాలో ముప్పై మందిమి, పిల్లలు కిటికీ ఊచల మీద.

ఫోలర్ 2–2 చేసినప్పుడు ఎవరూ మాట్లాడలేదు. బుర్రుచాగా పరుగెత్తాడు, గోల్. అంతే, ముప్పై మందిమీ రోడ్డు మీద ఉన్నాం. ఎవరో కంచం మీద గరిటెతో కొడుతున్నారు, స్టేషన్ వైపు నుంచి కుక్కలు మొరుగుతున్నాయి. మేం తిరిగి లోపలికి వచ్చేసరికి మ్యాచ్ అయిపోయింది, మరడోనాని భుజాల మీద ఎత్తుకుని ఉన్నారు.

అంటే నేను ఆ ఫైనల్ చూశానని ముప్పై తొమ్మిదేళ్లుగా చెప్పుకుంటున్నాను గానీ ట్రోబియానీ ఆడిన రెండు నిమిషాలూ చూడలేదు. ఈ దారం చదివాకే అది తెలిసింది. ఇవాళ తెల్లవారుజామున మనవడి చేత ఆ మ్యాచ్ ఫోన్‌లో పెట్టించుకుని చివరి పది నిమిషాలు చూశాను. బుర్రుచాగా బయటికి వచ్చాడు, 21వ నంబరు లోపలికి వెళ్లింది. మనవడు అడిగాడు, తాతా ఇతనెవరు అని. వింగర్ బాబూ, నువ్వు రాసిందంతా మొదటి నుంచి వాడికి చదివి వినిపించాను. కలామా దగ్గర ఆపి, రాగి గని పక్కన గడ్డి ఎలా పెరుగుతుంది తాతా అన్నాడు. వేపచెట్టు బాబుకిగానీ నీకుగానీ తెలిస్తే రాయండి, వాడు సాయంత్రం మళ్లీ అడుగుతాడు.